దీవికి వెళ్ళకుండానే దీవి సినిమా తీసిన హెన్రీ స్టోర్క్

(తెర మీద: రేవులో ఆగి ఉన్న మూడు తెరచాప కొయ్యల తెల్ల ఓడ)

ఈ ఓడ పేరు మెర్కాటర్. నావికులు కాబోయే కుర్రాళ్ళకు శిక్షణ ఇవ్వడానికి బెల్జియం 1932లో కట్టించుకుంది. తర్వాత రెండేళ్ళకు ఇది పసిఫిక్ మహాసముద్రంలోని ఈస్టర్ దీవి దాకా వెళ్ళింది. తిరిగొస్తూ రెండు వస్తువులు తెచ్చింది. ఒకటి, దాదాపు 6 టన్నుల రాతి విగ్రహం. అది ఇప్పటికీ బ్రస్సెల్స్ మ్యూజియంలో ఉంది. రెండోది, కొన్ని ఫిల్ము రీళ్ళు. ఆ రీళ్ళు ఎవరి చేతికి వెళ్ళాయో, ఆయన వాటిని ఏం చేశాడో చెప్పుకుందాం.

(తెర మీద: బూడిద రంగు సముద్రం, ఇసుక మీద గాలి)

ఆయన హెన్రీ స్టోర్క్, బెల్జియం డాక్యుమెంటరీ దర్శకుడు. 1907లో ఆ దేశంలోని ఫ్లాండర్స్ తీరాన ఉన్న ఆస్టెండ్‌లో పుట్టాడు. అమ్మానాన్నలది చెప్పుల దుకాణం. ఊరు చిన్నదే కానీ, ఎన్సోర్, స్పిలియార్ట్, పెర్మెకె లాంటి చిత్రకారులు అక్కడే తిరిగేవారు. స్టోర్క్‌కి వాళ్ళతో స్నేహం. సమోవా దీవుల్లో అమెరికన్ డాక్యుమెంటరీ దర్శకుడు ఫ్లాహర్టీ తీసిన 'మొవానా' చూశాక సినిమా పిచ్చి పట్టింది. 1928లో ఊళ్ళో సినిమా క్లబ్ పెట్టాడు. మరుసటి ఏడాది 'ఇమాజ్ దోస్టాండ్' (ఆస్టెండ్ దృశ్యాలు) తీశాడు.

అందులో కథ లేదు, మాటలు లేవు. రేవు, లంగర్లు, గాలి, ఇసుక, నురగ, అలలు, అంతే. నాకు ఇది అసలైన యాత్రా చిత్రం అనిపిస్తుంది. రోజూ చూసే తీరాన్ని, ఓడ దిగి మొదటిసారి చూస్తున్న మనిషిలా చూశాడు.

(తెర మీద: బొగ్గు గనులు, పక్కనే తవ్విపోసిన మట్టి గుట్టలు)

1933లో స్టోర్క్, డచ్ దర్శకుడు యోరిస్ ఇవెన్స్ కలిసి సినిమా తీయడానికి బెల్జియంలోని బొరినాజ్ గని ప్రాంతానికి వెళ్ళారు. ముందు ఏడాది అక్కడ పెద్ద సమ్మె జరిగింది. సమ్మె చేసినవాళ్ళ ఇళ్ళు ఖాళీ చేయిస్తున్నారు. గనుల దగ్గర బొగ్గు కుప్పలు పడి ఉంటే, దాన్ని తవ్వినవాళ్ళ ఇంట్లో పొయ్యిలోకి బొగ్గు లేదు. ఆడవాళ్ళు గుట్టల మీద వంగి బొగ్గు ముక్కలు ఏరుకుంటారు. మార్క్స్ బొమ్మ పట్టుకుని నడిచే ఊరేగింపును కెమెరా కోసమే ఏర్పాటు చేస్తే, జనం వచ్చి చేరి అది నిజం ఊరేగింపే అయిపోయింది. పోలీసులూ వచ్చారు. అందంగా చూడటం ఆస్టెండ్‌లో నేర్చుకున్న మనిషి, ఇక్కడ అందాన్ని కావాలనే పక్కన పెట్టాడు. నా దృష్టిలో ఆయన జీవితంలో పెద్ద మలుపు ఇదే.

(తెర మీద: పచ్చిక వాలులో నిలబడిన రాతి విగ్రహాలు)

ఇప్పుడు మెర్కాటర్ దగ్గరికి వద్దాం. ఆల్ఫ్రెడ్ మెట్రో, హెన్రీ లావాషెరీ అనే ఇద్దరు పరిశోధకులు ఈస్టర్ దీవిలో 1934 జులై నుంచి కొన్ని నెలలు పనిచేశారు. వాళ్ళను తీసుకురావడానికి వెళ్ళిన ఓడలో కెమెరా పట్టుకున్నది జాన్ ఫెర్న్‌హౌట్. అప్పటికి 21 ఏళ్ళవాడు. స్టోర్క్ ఆ దీవిలో అడుగు పెట్టలేదు. రీళ్ళు తన ఎడిటింగ్ బల్ల మీదికి వచ్చాక, వాటిలోంచి 1935లో 'లీల్ ద పాక్' (ఈస్టర్ దీవి) అనే సినిమా తయారుచేశాడు. సంగీతం మోరిస్ జోబెర్.

ఈస్టర్ దీవి అనగానే అందరికీ విగ్రహాలే గుర్తొస్తాయి. అక్కడి మనుషుల కథ మాత్రం గుండె పిండేస్తుంది. 1862లో పెరూ నుంచి వచ్చిన బానిస వేటగాళ్ళు వందలమందిని ఎత్తుకుపోయారు. తర్వాత రోగాలు. 1877 నాటికి మిగిలింది 111 మంది. 1888లో చిలీ దీవిని కలిపేసుకుంది. ఆపైన నేలంతా గొర్రెల కంపెనీ చేతుల్లోకి పోయింది, సొంత దీవిలోనే జనాన్ని ఒక్క ఊరికి పరిమితం చేశారు.

స్టోర్క్ సినిమా విగ్రహాల దగ్గరే ఆగిపోదు. కుష్ఠురోగుల దగ్గరికి వెళ్తుంది. వాళ్ళ ముఖాల మీద నిలుస్తుంది. అరగంట కూడా లేని సినిమా, కానీ ఆ ముఖాలు చూశాక విగ్రహాలు వేరేగా కనిపిస్తాయి. బొరినాజ్ చూడని మనిషి ఈ రీళ్ళను ఇలా కూర్చగలిగేవాడా? నాకైతే అనుమానమే.

(తెర మీద: పాత ఫిల్ము డబ్బాలు వరసగా)

1938లో మిత్రులతో కలిసి బెల్జియం సినిమా భాండాగారం స్థాపించాడు. యుద్ధకాలంలో రైతుల ఏడాది పొడవునా జీవితాన్ని తీశాడు. 1948లో చిత్రకారుడు రూబెన్స్ మీద సినిమా. 1958లో వచ్చిన కాంగో అడవుల సినిమాకు నిర్మాత. బెల్జియం మాజీ రాజు లియోపోల్డ్ సంస్థ కోసం తీసిన సినిమా అది. రెండేళ్ళకే కాంగో స్వతంత్రమైంది. ఆ అడవులను తెర మీద చూస్తున్నప్పుడు అప్పటికి అది వలస రాజ్యమన్న సంగతి మనసులో ఉండాలి. 1970 తర్వాత మళ్ళీ సొంత దేశంలోని జాతరల వైపు తిరిగాడు. 1999లో పోయాడు.

(తెర మీద: మళ్ళీ మెర్కాటర్)

ఈస్టర్ దీవికి వెళ్ళొచ్చిన ఈ ఓడ ఇప్పుడు ఆస్టెండ్ రేవులోనే మ్యూజియంగా ఉంది. స్టోర్క్ సినిమాలు చూడాలనుకుంటే మొదట ఆస్టెండ్, తర్వాత బొరినాజ్, ఆ తర్వాతే ఈస్టర్ దీవి చూడండి. వరస మార్చకండి.