నోటీసు అందిన రోజు నుంచే లెక్క

అక్కచెల్లెళ్లకు, పెద్దలకు నమస్కారం.

ఒడిశాలోని మన బరంపురంలో బస్సెక్కితే ఆంధ్రలోని ఇచ్ఛాపురం ఎంతో దూరం కాదు. 1936 ఏప్రిల్ 1కి ముందు ఈ రెండు ఊళ్లూ ఒకే గంజాం జిల్లా. ఇప్పటికీ మనం పిల్లనిచ్చేదీ తెచ్చుకునేదీ అటూ ఇటూనే. కాపురం చెడి కోర్టుకెక్కినప్పుడే రెండు రాష్ట్రాలున్నాయని గుర్తొస్తుంది.

పుట్టింటికి వచ్చేసిన పిల్లతో "పెళ్లి అక్కడ జరిగింది, కేసూ అక్కడే వేయాలి" అనే పెద్దలు ఇంకా ఉన్నారు. దయచేసి ఆ మాట అనకండి. హిందూ వివాహ చట్టం 19వ సెక్షన్‌ను 2003లో సవరించారు. భార్య తానిప్పుడు ఉంటున్న చోటే విడాకులకైనా, కాపురానికి రప్పించుకోవడానికైనా పిటిషన్ వేయవచ్చు. భరణం కేసూ అంతే. గృహహింస కేసుకైతే తాత్కాలికంగా తలదాచుకున్న ఊరైనా చాలు.

మరి ఆలస్యం ఎక్కడ? జడ్జిల కొరత, వాయిదాల మీద వాయిదాలు అందరికీ తెలిసినవే. మన సరిహద్దులో ఇంకొకటి ఉంది. విడాకుల కేసు ఆరు నెలల్లో ముగించడానికి ప్రయత్నించాలని చట్టం చెబుతుంది. కేసు ముగిసేలోపు ఇచ్చే మధ్యంతర భరణం వీలైనంతవరకు అరవై రోజుల్లో తేల్చాలంటుంది. రెండు గడువులూ అవతలి మనిషికి నోటీసు అందిన రోజు నుంచే. అందకపోతే లెక్క మొదలే కాదు.

ఒక చెల్లి భరణం కేసు నేనే వేశాను. అత్తవారిది శ్రీకాకుళం వైపు పల్లె. చిరునామా ఆమె నోటితో చెప్పింది, ఒడియాలో రాసుకున్నారు, దాన్ని చూసి ఇంగ్లిషులో టైపు చేశారు. ఒడియాలో మన 'వ' చాలాసార్లు 'బ' అయిపోతుంది. వెలమవీధి కాస్తా 'బెలమబీధి' అయింది. టైపయ్యాక నేను సరిచూడలేదు. ఆ ఊళ్లో అలాంటి వీధి లేదని కవరు తిరిగొచ్చింది. మళ్లీ నోటీసు పంపడానికి బత్తా కట్టాం, మళ్లీ వాయిదా. అలా ఎనిమిది నెలలు. వాయిదా వాయిదాకీ ఆ పిల్ల చంటిబిడ్డను చంకనేసుకుని వచ్చి వరండా చివరి బెంచీ మీద కూర్చునేది. "ఈసారైనా వెళ్లిందా అండీ?" అని అడిగేది. చెప్పడానికి నా దగ్గర మాట ఉండేది కాదు.

అప్పటి నుంచి ఎవరొచ్చినా ముందు భర్త ఆధార్ నకలు గానీ, ఆ ఇంటికి వచ్చిన పాత పోస్టు కవరు గానీ అడుగుతున్నాను. పని చేసే చోటు, ఫోన్ నంబరు కూడా తెచ్చుకోండి. పెళ్లికి రుజువుగా చూపే శుభలేఖ తెలుగులో ఉంటే తర్జుమా మొదటి రోజే చేయించండి, సాక్ష్యం నాటికి పరుగులు పెట్టొద్దు.

ఇంకో చిక్కు. ఆమె ఇక్కడ కేసు వేస్తే అతను అక్కడ విడాకులు వేస్తాడు. ఒకే రాష్ట్రంలో అయితే హైకోర్టే కేసును మార్చగలదు. రాష్ట్రం దాటితే సివిల్ ప్రొసీజర్ కోడ్ 25వ సెక్షన్ కింద సుప్రీంకోర్టుకే వెళ్లాలి. ఒడిశాలోని పర్లాకిమిడికీ ఆంధ్రలోని పాతపట్నానికీ మధ్య ఉన్నది మహేంద్రతనయ నది. కేసును అది దాటించమని ఢిల్లీలో అడగాలి! ఇది నాకు అన్యాయంగానే కనిపిస్తుంది. పక్కపక్క జిల్లాల కేసులకైనా దగ్గర్లో దారి చూపమని మనం అడుగుతూనే ఉండాలి. అంతవరకు ఖర్చుకు భయపడి ఊరుకోకండి. ఆడవాళ్లకు ఆదాయంతో పనిలేకుండా ఉచిత న్యాయసహాయం 1987 చట్టం ఇచ్చిన హక్కు. ఢిల్లీలో వేసే పిటిషన్‌కూ అది వర్తిస్తుంది. 15100కు ఫోన్ చేయండి.

2020లో రజ్నేశ్, నేహా కేసులో సుప్రీంకోర్టు భరణాన్ని దరఖాస్తు పెట్టిన తేదీ నుంచే ఇవ్వాలని చెప్పింది. కనుక ఆ చెల్లి పోగొట్టుకున్న నెలలకూ డబ్బు అడగగలం. మూడోసారి చిరునామా తెలుగులో, ఇంగ్లిషులో నా చేత్తోనే రాశాను. మొన్న శుక్రవారం నోటీసు అందిన రసీదు తిరిగొచ్చింది, దాని మీద అతని సంతకం ఉంది. అరవై రోజుల్లో ఇప్పటికి ఆరు గడిచాయి.