మినారి బామ్మ ఒక్కటే కాదు: యూన్ యో-జంగ్ కెరీర్ రివ్యూ

అందరికీ నమస్తే! 2021లో, 73 ఏళ్ల వయసులో సహాయ నటిగా ఆస్కార్ అందుకున్నారు యూన్ యో-జంగ్. నటనకి ఆస్కార్ వచ్చిన మొదటి కొరియన్ ఈవిడే. మనలో చాలామందికి ఆ ఆస్కార్ తెచ్చిపెట్టిన 'మినారి' సినిమాలో బామ్మగానే తెలుసు. నన్నడిగితే మాత్రం ఆవిడ అసలు దమ్ము వేరేచోట ఉంది.

1971లో, కిమ్ కి-యంగ్ తీసిన 'వుమన్ ఆఫ్ ఫైర్'తో సినిమాల్లోకొచ్చారు. అందులో పనిమనిషి పాత్ర. మొదటి సినిమాకే అవార్డులు! అలాంటి టైంలో పెళ్లి చేసుకుని అమెరికా వెళ్లిపోయారు. దాదాపు పదేళ్లు గ్యాప్. తిరిగొచ్చాక విడాకులు, ఇద్దరు కొడుకులు, ఇల్లు గడవాలి. దాంతో చిన్నదా పెద్దదా అని చూడకుండా టీవీలో వచ్చిన వేషమల్లా వేశారు. ఆస్కార్ స్టేజి మీద కూడా, నన్ను పనికి పంపిన నా కొడుకులకి థ్యాంక్స్ అని నవ్వించారు. కిమ్ కి-యంగ్‌నీ తలుచుకున్నారు.

ఇంకో తమాషా చూడండి. 2010లో 'ది హౌస్‌మెయిడ్' వచ్చింది. కిమ్ కి-యంగ్ 1960లో తీసిన సినిమాకి రీమేక్. 'వుమన్ ఆఫ్ ఫైర్' కూడా ఆ కథే! అప్పుడు కుర్ర పనిమనిషి, ఇప్పుడు అదే కథలో పెద్ద పనిమనిషి. యజమానుల ముందు వంగి వంగి ఉంటుంది, లోపల మాత్రం కుతకుతలాడిపోతుంటుంది. హీరోయిన్ జియాన్ డో-యాన్ ఏమీ తక్కువ తినలేదు, అయినా నా కళ్లు ఈవిడ మీదే.

'మినారి'లో అమెరికాలో ఉన్న కూతురి కోసం కొరియా నుంచి కారం, ఎండు చేపలు మోసుకొస్తుంది. అవి చూడగానే కూతురికి కళ్లనీళ్లు తిరుగుతాయి. బామ్మ ఓదారుస్తుందా? అబ్బే, ఈ మాత్రానికే ఏడుస్తావా అన్నట్టు తేలిగ్గా తీసేస్తుంది. మనవడికేమో నోటితో కొరికిన చెస్ట్‌నట్ తీసి పెడుతుంది, వాడు మొహం చిట్లిస్తాడు! నీతులు చెప్పదు, పేకాట నేర్పిస్తుంది.

నా ఓటు మాత్రం 2016లో వచ్చిన 'ది బాకస్ లేడీ'కే. సియోల్ పార్కుల్లో బాకస్ అనే ఎనర్జీ డ్రింక్ అమ్ముతున్నట్టు కనిపిస్తూ ఒంటరి ముసలివాళ్లకి ఒళ్లు అమ్ముకునే ఆవిడ కథ. వాళ్లలో ఒకాయన మంచానపడి, నన్ను చంపేయ్ అని బతిమాలతాడు. అక్కడ ఈవిడ గుండెలు బాదుకోరు. ఆ మొహంలో జాలీ, భయం, విసుగూ ఒకేసారి కనిపిస్తాయి. సినిమా కాస్త నెమ్మదే, ఓపిక పట్టండి. పిల్లల్ని పక్కన కూర్చోబెట్టుకుని మాత్రం చూడకండి.

'మినారి' ఇంటిల్లిపాదీ చూడొచ్చు, ముందు అది కానిచ్చేయండి. 'బాకస్ లేడీ' చూసినవాళ్లుంటే కామెంట్లలో చెప్పండి, మాట్లాడుకుందాం.