నెర్రెల షాట్ పంచాయితీ

అక్క: ఆన్ అయిందా? సరే, నమస్కారం. ఈసారి విషయం, నేలలో కర్బనం పెరగడాన్ని డాక్యుమెంటరీలో ఎలా చూపించాలి.

తమ్ముడు: చూపించలేం. కంటికి కనపడదు. ఎపిసోడ్ అయిపోయింది.

అక్క: పోయినసారీ ఇలాగే అన్నావు. మెయిల్స్‌లో తిట్లు తిన్నది నేను.

తమ్ముడు: వినిపించొచ్చు అక్కా. మంచి మట్టిని గుప్పిట్లో నలిపితే...

అక్క: ఆగు. ఈరోజు పిల్లి ఊసు, అదే గాలి హోరు పడకుండా మైకుకి తొడిగే నీ బొచ్చు తొడుగు ఊసు, ఎత్తకూడదని ఒప్పందం.

తమ్ముడు: ఎత్తలేదుగా ఇంకా!

అక్క: కర్బనం పెరగడానికి ఏళ్లు పడుతుంది. పగలు 12 గంటలూ గంటకో ఫ్రేము తీస్తే, 120 రోజుల వరి పంట తెరమీద ఒక్క నిమిషం. చూడ్డానికి ముచ్చటగా ఉంటుంది, నేల మాత్రం అప్పటికి పెద్దగా మారి ఉండదు.

తమ్ముడు: ఆ నిమిషానికి శబ్దం కూడా ఉండదు. సర్లే, నెర్రెల షాట్ సంగతి చెప్పు.

అక్క: వద్దురా.

తమ్ముడు: అయితే నేను చెప్తా.

అక్క: (నవ్వు) మన మొదటి సినిమా. నెర్రెలిచ్చిన వరి పొలం, వెనక ఫిడేలు ఏడుపు, పైన నా గొంతు, "వానలు ముఖం చాటేశాయి" అని. ఆ రైతుకే చూపించాం. చాలాసేపు ఏమీ అనలేదు. తర్వాత, "అది నేనే ఆరబెట్టానమ్మా" అన్నాడు.

తమ్ముడు: తడి పొడి పద్ధతి. నీళ్లు నిలవుంటే మట్టికి గాలి అందదు, భూమిని వేడెక్కించే మీథేన్ వాయువుని పుట్టించే సూక్ష్మజీవులకి పండగ. అందుకని చిల్లుల గొట్టం పాతి, నీటిమట్టం నేలకి 15 సెంటీమీటర్లు కిందికి దిగాక మళ్లీ తడి పెడతాడు. పూత దశలో మాత్రం ఆరనివ్వడు.

అక్క: ఆ గొట్టం కూడా షాట్‌లో ఉంది! ఎడమ మూల. చెత్తలా ఉందని నేనే క్రాప్ చేశా.

తమ్ముడు: వాతావరణ మార్పుకి విరుగుడుని పట్టుకుని కరువని చూపించాం.

అక్క: కరువు అబద్ధమా మరి? చూసేవాళ్లకి ఏదో ఒక బొమ్మ కావాలి.

తమ్ముడు: చెరువు ఏ ఎండాకాలమైనా ఎండుతుంది. శీతోష్ణస్థితి అంటే 30 ఏళ్ల సగటు, మధ్యాహ్నం పూట తీసిన షాట్ కాదు.

అక్క: అయితే 30 ఏళ్లు కెమెరా పెట్టుకుని కూర్చోనా?

తమ్ముడు: ఒక వడగాలి వచ్చే అవకాశం ఎన్ని రెట్లు పెరిగిందో లెక్కగట్టే శాస్త్రం ఉంది. ఆ మాటే చెప్పు.

అక్క: లెక్కలు చెప్తే జనం లేచిపోతారు. నీకేం, మైకు పట్టుకుని నిలబడతావు. ఆ తప్పంతా నాదే అన్నట్టు ప్రతిసారీ...

తమ్ముడు: లేదక్కా. (ఆగి) ఆ షాట్‌లో కప్పల అరుపులు ఉండేవి.

అక్క: కప్పలా?

తమ్ముడు: పక్క మడిలో నీళ్లున్నాయి కదా. కరువు బొమ్మకి కప్పలేంటని నేనే తీసేశా.

అక్క: ఇన్నేళ్లూ చెప్పలేదే!

తమ్ముడు: నువ్వెప్పుడూ శబ్దం గురించి అడగలేదు.

అక్క: ...అసలు రికార్డింగ్ ఉందా?

తమ్ముడు: హార్డ్ డిస్క్‌లో ఉంది. కాకపోతే గాలి బాగా కొట్టింది, ఆరోజు మన దగ్గర పిల్లి...

అక్క: వద్దన్నానా! ఆపెయ్, ఆపెయ్ రికార్డింగ్.