హద్దు మారాక గెలిచిన లాయరమ్మ

శ్రోతలకు నమస్కారం. మన తెలుగువాళ్లు చదువుకో, ఉద్యోగానికో అమెరికాలోని టెక్సాస్‌కి ఎక్కువగానే వెళ్తుంటారు. ఆ రాష్ట్ర రాజధాని ఆస్టిన్‌లో విమానం దిగినవాళ్లకి టెర్మినల్ మీద ఒక నల్లజాతి మహిళ పేరు కనిపిస్తుంది. బార్బరా జోర్డాన్. ఆమె లాయరు, ఆ రాష్ట్ర చట్టసభలోని పైసభ అయిన సెనేట్‌లో సభ్యురాలిగా పనిచేశారు. ఎన్నికల్లో గెలుపోటములు ఓటుతో పాటు నియోజకవర్గం హద్దు మీద కూడా ఎంతగా ఆధారపడతాయో ఆమె జీవితం చూస్తే అర్థమవుతుంది.

1936లో హ్యూస్టన్‌లోని ఫిఫ్త్ వార్డ్ అనే పేటలో పుట్టారు. తండ్రి గిడ్డంగిలో గుమాస్తా, చర్చిలో పాస్టరు కూడా. అప్పట్లో అక్కడ నల్లవాళ్లకి బడి వేరు, బస్సులో సీటు వేరు. హైస్కూల్లో ఉండగా ఎడిత్ శాంప్సన్ అనే నల్లజాతి లాయరు వచ్చి పిల్లలతో మాట్లాడారు. తానూ లాయరునే అవుతానని బార్బరా ఆనాడే పట్టుబట్టారు. బోస్టన్ యూనివర్సిటీలో 1959లో లా పూర్తయింది. హ్యూస్టన్ తిరిగొచ్చి, అమ్మానాన్నల ఇంట్లో భోజనాల బల్ల మీదే ప్రాక్టీసు మొదలుపెట్టారు.

1962లో రాష్ట్ర ప్రతినిధుల సభకి పోటీ చేసి ఓడిపోయారు. 1964లో మళ్లీ ఓడిపోయారు. ఎందుకు ఓడారో కొంచెం వివరంగా చెప్పాలి. ఆ సీటుకి హ్యూస్టన్ ఉన్న హారిస్ కౌంటీ, అంటే మన జిల్లా లాంటిది, అంతా కలిసి ఓటెయ్యాల్సి ఉండేది. అప్పటికే పన్నెండు లక్షలకి పైగా జనాభా ఉన్న కౌంటీ అది. ఫిఫ్త్ వార్డ్ మొత్తం ఆమె వెంట నిలబడినా అంత పెద్ద లెక్కలో ఆ ఓట్లు ఏ మూలకి? సెనేట్ సంగతి ఇంకా అన్యాయం. కౌంటీ ఎంత పెద్దదైనా ఒక్క సెనేటరే ఉండాలని టెక్సాస్ రాజ్యాంగంలోనే రాసుకున్నారు.

1964లోనే అమెరికా సుప్రీంకోర్టు రెనాల్డ్స్ వర్సెస్ సిమ్స్ కేసులో తీర్పు చెప్పింది. రాష్ట్ర చట్టసభల నియోజకవర్గాల్లో జనాభా దాదాపు సమానంగా ఉండాలంది. దాంతో టెక్సాస్‌లో పునర్విభజన తప్పలేదు. ఫిఫ్త్ వార్డ్ కొత్త సెనేట్ నియోజకవర్గంలోకి వచ్చింది. 1966లో బార్బరా గెలిచారు. అంతకుముందు ఓడిన మనిషే, అవే మాటలు, ఆ పేటవాళ్లే. మారింది హద్దు.

1883 తర్వాత ఆ సెనేట్‌లో నల్లజాతి సభ్యులెవరూ లేరు. 31 మంది సభలో మిగతా ముప్పైమందీ మగవాళ్లే. అలాంటి చోట అడుగుపెట్టిన ఆమె వెళ్లగానే ఉపన్యాసాలు దంచలేదు. సభ నియమాల పుస్తకం చదివారు. ఎవరు ఎలాంటివారో గమనించారు. నాకు ఆమెలో అన్నిటికన్నా నచ్చేది ఇదే. ఓటరు నమోదుని కష్టం చేసే బిల్లు ఒకటి సభ ముందుకి రాబోతోంది. అప్పట్లో వరస తప్పించి బిల్లు చర్చకి తేవాలంటే మూడింట రెండొంతుల మంది ఒప్పుకోవాల్సి ఉండేది. అంటే పదకొండు మంది కాదంటే అది ఆగిపోతుంది. ఆమె ఒక్కొక్కరి దగ్గరికీ వెళ్లి పదిమంది మాట తీసుకున్నారు, తనతో కలిపి పదకొండు. బిల్లు ఆగింది. టెక్సాస్‌కి మొట్టమొదటి కనీస వేతన చట్టం రావడంలోనూ ఆమె కృషి ఉంది.

తోటి సెనేటర్లే 1972లో ఆమెని సభకి తాత్కాలిక అధ్యక్షురాలిగా ఎన్నుకున్నారు. అక్కడ రాష్ట్ర ప్రభుత్వాన్ని నడిపే గవర్నరు, ఆయన తర్వాతి స్థానంలో ఉండే లెఫ్టినెంట్ గవర్నరు ఇద్దరూ ఊళ్లో లేని రోజున, జూన్ 10న, అక్కడి ఆనవాయితీ ప్రకారం ఆమె ఒక్కరోజు గవర్నరయ్యారు. కూతుర్ని ఆ కుర్చీలో చూడటానికి తండ్రి వచ్చారు. ఆ మర్నాడే ఆయన కన్నుమూశారు.

అదే ఏడాది అమెరికా కాంగ్రెస్‌కి, అంటే ఆ దేశపు పార్లమెంటుకి ఎన్నికయ్యారు. 1974 జులై 25న, అధ్యక్షుడు నిక్సన్ అభిశంసన మీద న్యాయ కమిటీలో ఆమె చేసిన ప్రసంగాన్ని దేశమంతా టీవీలో చూసింది. రాజ్యాంగం మొదట్లో ‘ప్రజలమైన మేము’ అని ఉంది, కానీ 1787లో అది రాసినప్పుడు ఆ మాటలో నాకు చోటు లేదు అన్నారు. సవరణలూ, కోర్టు తీర్పులూ వచ్చాకే తనకి అందులో చోటు దొరికిందని చెప్పి, రాజ్యాంగం మీద తన నమ్మకం సంపూర్ణమని అన్నారు. తర్వాత అభిశంసనకి కావలసిన కారణాలు ఒకపక్క, అధ్యక్షుడు చేసిన పనులు ఒకపక్క పెట్టి చదివారు. ఎక్కడా ఆవేశం లేదు. కోర్టులో లాయరు వాదించినట్టే ఉంటుంది.

నా మటుకు నాకు 1975లో జరిగిన పని ఆ ప్రసంగం కన్నా పెద్దది. నల్లవాళ్ల ఓటుకి అడ్డంకులు పెట్టకుండా కాపాడే ఓటుహక్కు చట్టాన్ని పొడిగిస్తున్నప్పుడు టెక్సాస్‌ని కూడా దాని పరిధిలోకి తేవాలని ఆమె పట్టుబట్టి సాధించారు. అప్పట్నుంచి ఆ రాష్ట్రం నియోజకవర్గం హద్దు జరపాలన్నా, ఓటింగ్ నిబంధన మార్చాలన్నా ముందుగా కేంద్రం అనుమతి తీసుకోవాల్సి వచ్చింది. స్పానిష్ మాట్లాడేవాళ్లకి వాళ్ల భాషలో బ్యాలెట్ ఇవ్వాలి. హద్దుల వల్ల రెండుసార్లు ఓడిన మనిషి తెచ్చిన రక్షణ ఇది.

1979లో కాంగ్రెస్ వదిలి, ఆస్టిన్‌లో టెక్సాస్ యూనివర్సిటీలో పాఠాలు చెప్పారు. నరాల జబ్బుతో చక్రాల కుర్చీలోకి వచ్చినా బోధన మానలేదు. 1996లో మరణించారు. 2013లో అమెరికా సుప్రీంకోర్టు, ఐదుగురు న్యాయమూర్తులు ఒకవైపు, నలుగురు మరోవైపు నిలిచిన తీర్పులో, ఆ ఓటుహక్కు చట్టంలో ఏ రాష్ట్రాలు ముందస్తు అనుమతి తీసుకోవాలో చెప్పే భాగాన్ని కొట్టేసింది. ఇప్పుడు టెక్సాస్ తన హద్దులు గీసుకోవడానికి ముందుగా ఎవరినీ అడగనక్కర్లేదు. అభ్యంతరం ఉన్నవాళ్లు గీసిన తర్వాత కోర్టుకి వెళ్లాల్సిందే.