ఫోన్-ఇన్: సీటీ నార్మల్ అన్నారు, మళ్లీ ఎంఆర్ఐ ఎందుకు?

యాంకర్: నమస్కారం. తలకు తీసే స్కానింగ్‌ల గురించి మీ సందేహాలు తీర్చడానికి న్యూరాలజిస్ట్ స్టూడియోలో ఉన్నారు. మొదటి కాల్ దేవరకొండ నుంచి. చెప్పండన్నా.

దేవరకొండ శ్రోత: నమస్తే సార్. మా నాయనకు పోయిన వారం పొద్దున లేవగానే మూతి వంకర పోయింది, కుడి చెయ్యి లేవలేదు. ఆస్పత్రిలో సీటీ తీసి నార్మల్ అన్నారు. మర్నాడు ఎంఆర్ఐ తీసి, మెదడు నాళంలో రక్తపు గడ్డ అడ్డుపడిందన్నారు. మొదలే ఎంఆర్ఐ తీస్తే అయిపోయేది కదా? రెండు బిల్లులు ఎందుకు సార్?

డాక్టర్: నాయన ఇప్పుడెట్లున్నారు?

శ్రోత: నడుస్తున్నాడు సార్. మాటే కొంచెం తడబడుతోంది.

డాక్టర్: బిల్లు సంగతి నేను చెప్పలేను గానీ, ఆ వరుస సరైందే. పక్షవాతం రెండు రకాలుగా వస్తుంది. రక్తనాళంలో గడ్డ అడ్డుపడి వచ్చేది ఒకటి, నాళం చిట్లి రక్తం కారడం వల్ల వచ్చేది ఇంకొకటి. చూడటానికి రెండూ ఒకేలా ఉంటాయి, మందులు మాత్రం పూర్తిగా వేరు. గడ్డను కరిగించే ఇంజక్షన్‌ను రక్తం కారుతున్న మనిషికి ఇస్తే ప్రాణం మీదికొస్తుంది. అందుకే రక్తం కారిందా లేదా అన్నది ముందు తేల్చాలి, దానికి సీటీ చాలు. ఎక్స్‌రే గొట్టం తల చుట్టూ తిరుగుతుంది. కిరణాలు ఎంతమేర తలను దాటి వచ్చాయో ఎదురుగా ఉన్న డిటెక్టర్లు కొలుస్తాయి. ఆ కొలతలతో కంప్యూటర్ మెదడును పొరలు పొరలుగా చూపిస్తుంది. ఎముక, కొత్తగా కారిన రక్తం తెల్లగా కనబడతాయి. స్కాన్ మాత్రం నిమిషంలో అయిపోతుంది.

యాంకర్: మరి గడ్డ ఉన్నా నార్మల్ అని ఎట్లా వచ్చింది?

డాక్టర్: గడ్డ అడ్డుపడిన మొదటి గంటల్లో సీటీలో మార్పు కనబడకపోవచ్చు. అక్కడ నార్మల్ అంటే జబ్బు లేదని కాదు, రక్తం కారలేదని. ఎంఆర్ఐలో డిఫ్యూజన్ అనే పద్ధతి ఉంది. రక్తం అందక కణాలు ఉబ్బినచోట నీటి కదలిక తగ్గుతుంది, దాన్ని అది తొందరగా పట్టేస్తుంది. ఇంతకీ ఎన్ని గంటలకు ఆస్పత్రికి చేరారు?

శ్రోత: మధ్యాహ్నం దాటింది సార్. ముందు పసరు కోసం పక్క ఊరికి పోయినం.

డాక్టర్: ఇది మాత్రం గట్టిగానే చెప్తాను. గడ్డ కరిగించే ఇంజక్షన్‌కు మామూలుగా 4.5 గంటలే గడువు. అది కూడా మనం చూసినప్పటి నుంచి కాదు, మనిషి చివరిసారి బాగున్న సమయం నుంచి లెక్క. రాత్రి ఎన్నింటికి మంచిగా మాట్లాడాడో డాక్టర్‌కు చెప్పాలి. మూతి వంకర, చెయ్యి పడిపోవడం, మాట తేడా, వీటిలో ఏది కనబడినా 108కు ఫోన్ చేయండి. సీటీ ఉన్న ఆస్పత్రికే పోవాలి.

యాంకర్: అచ్చంపేట నుంచి ఒక అక్క.

అచ్చంపేట శ్రోత: మా అత్తమ్మకు ఎంఆర్ఐ రాశారండీ. ఆ గొట్టంలోకి పోనంటోంది. మెట్టెలు కూడా తీయనంటోంది.

డాక్టర్: మెట్టెలు తీయాల్సిందేనమ్మా. ఎంఆర్ఐ మెషిన్ అంటే పెద్ద అయస్కాంతం. వెండిని అయస్కాంతం లాగదు, కానీ అందులో ఏం కలిపారో మనకు తెలియదు, వేడెక్కనూ వచ్చు. తాయెత్తు, పిన్నీసు, హెయిర్ పిన్ కూడా వద్దు. చాలా మెషిన్ల అయస్కాంత బలం 1.5 టెస్లా. భూమి అయస్కాంత బలానికి అది దాదాపు 30 వేల రెట్లు. ఎంఆర్ఐలో ఎక్స్‌రే ఉండదు. మన ఒంట్లోని నీటిలో హైడ్రోజన్ ఉంటుంది కదా, అయస్కాంతం దాన్ని ఒక దిశకు సర్దుతుంది. రేడియో తరంగం దాన్ని కదిలిస్తుంది. అది మళ్లీ మామూలు స్థితికి వచ్చేటప్పుడు ఇచ్చే సిగ్నల్‌తో బొమ్మ తయారవుతుంది. ఆమెకు గుండెలో పేస్‌మేకర్ ఉందా?

శ్రోత: లేదండీ. స్టెంట్ వేశారు.

డాక్టర్: స్టెంట్ ఉన్నా చాలామందికి తీయొచ్చు. స్టెంట్ వేసినప్పుడు ఇచ్చిన కార్డు తీసుకెళ్లి టెక్నీషియన్‌కు ముందే చూపించండి. లోపల బోరు బండి నడిచినట్టు చప్పుడొస్తుంది, అది ముందే చెప్పి పంపితే సగం భయం పోతుంది. చెవులకు ప్లగ్గులు పెడతారు, చేతికి నొక్కే రబ్బరు బల్బు ఒకటి ఇస్తారు. భయమైతే దాన్ని నొక్కితే ఆపుతారు.

యాంకర్: నారాయణపేట నుంచి చెప్పండి.

నారాయణపేట శ్రోత: మా బాబుకు రెండుసార్లు ఫిట్స్ వచ్చాయి సార్. ఈఈజీ నార్మల్ వచ్చింది. మాత్రలు ఆపేయొచ్చా?

డాక్టర్: అసలు ఆపకండి. ఈఈజీ మెదడు బొమ్మ తీయదు, తల మీద వైర్లు అంటించి మెదడులోని కరెంటును రాస్తుంది, అంతే. మనకు కరెంటేమీ పెట్టరు. 1924లో జర్మనీలో హన్స్ బెర్గర్ మనిషి మీద మొదటిసారి చేశారు. అరగంట రికార్డు చేస్తే, ఆ అరగంటలో తేడా రాకపోవచ్చు. ఈసారి ఫిట్స్ వస్తే ఫోన్‌లో వీడియో తీయండి, డాక్టర్‌కు బాగా పనికొస్తుంది. చేతిలో తాళంచెవులు పెట్టొద్దు, పక్కకు తిప్పి పడుకోబెట్టండి. ఎంఆర్ఐ గానీ సీటీ గానీ రాస్తే చేయించండి. మన దగ్గర పిల్లల్లో బద్దెపురుగు గుడ్లు కడుపులోకి పోయి, మెదడులో చిన్న తిత్తి కట్టి ఫిట్స్ రావడం అరుదేమీ కాదు. అది మందులతో తగ్గేదే.

యాంకర్: మహబూబ్‌నగర్ నుంచి డిగ్రీ విద్యార్థి.

విద్యార్థి: సార్, స్కాన్ చేసి మనసులో ఏముందో చెప్పొచ్చా? పోలీసులు బ్రెయిన్ మ్యాపింగ్ చేస్తారంటారు కదా.

డాక్టర్: ఫంక్షనల్ ఎంఆర్ఐ అని ఒకటుంది. మెదడులో పని జరిగినచోట రక్తంలో ఆక్సిజన్ మారుతుంది, ఆ మార్పును చూస్తుంది. అదీ కొన్ని సెకన్లు ఆలస్యంగా. ట్యూమర్ ఆపరేషన్‌కు ముందు మాట, చెయ్యి కదలిక ఎక్కడున్నాయో చూడటానికి వాడతారు. నువ్వు అబద్ధం ఆడావా లేదా అన్నది దాంతో నమ్మకంగా తేలదు. పోలీసుల పరీక్ష ఈఈజీ రకానిది. మనిషి ఒప్పుకోకుండా అది చేయొద్దని 2010లోనే సుప్రీంకోర్టు చెప్పింది.

యాంకర్: మిర్యాలగూడ నుంచి ఆఖరి కాల్.

మిర్యాలగూడ శ్రోత: నాలుగేళ్లుగా తలనొప్పి సార్. ఏదన్నా పెద్ద స్కాన్ రాయండి, టెన్షన్ పోతుంది.

డాక్టర్: వాంతులు, చూపు మసకబారడం, ఫిట్స్, చేతులు కాళ్లు బలహీనపడటం ఏమన్నా ఉన్నాయా? నొప్పి ఈమధ్య తీరు మారిందా?

శ్రోత: ఏం లేదు సార్, అదే నొప్పి. మాత్ర వేస్తే తగ్గుతుంది.

డాక్టర్: రోజూ వేస్తున్నారా?

శ్రోత: ఆ, రోజూ ఒకటి. మెడికల్ షాపులో తెచ్చుకుంటా.

డాక్టర్: రోజూ మాత్ర వేసుకుంటే ఆ మాత్రే తలనొప్పి తేవచ్చు. అది ఏ స్కాన్‌లోనూ కనబడదు. ఆ మాత్రల అట్ట పట్టుకుని డాక్టర్‌ను కలవండి, బీపీ చూపించుకోండి. స్కాన్ కావాలో వద్దో ఆయన పరీక్ష చేశాక చెప్తారు.