ఒక్క అక్షరం కోసం యులిసిస్‌లో జరిగిన రచ్చ

అందరికీ నమస్కారమండీ. మైకు కొంచెం గరగరమంటోంది, వెనకవాళ్ళకి వినపడకపోతే చెయ్యెత్తండి. ఆధునిక ఐరిష్ సాహిత్యం మీద వచ్చిన విమర్శ గురించి మాట్లాడమన్నారు, అది సముద్రం, నాకు గంట టైమిచ్చారు, అందుకని ఒకే ఒక్క అక్షరం గురించి మాట్లాడదామని వచ్చా. ఇంగ్లీషు ఎన్ అక్షరం.

పీజీ రోజుల్లో అబిడ్స్‌లో ఆదివారం ఫుట్‌పాత్ మీద ఐరిష్ రచయిత జేమ్స్ జాయిస్ నవల యులిసిస్ పాత కాపీ ఒకటి కొన్నాను, ముందు అట్ట లేదు. మా రూమ్మేట్ దగ్గర లైబ్రరీ కాపీ, కొత్తది. రాత్రుళ్ళు ఒకడు చదువుతుంటే ఇంకొకడు ఫాలో అయ్యేవాళ్ళం. మూడో అధ్యాయంలో స్టీఫెన్ డెడలస్ అనే పాత్ర డబ్లిన్ దగ్గర సముద్రం ఒడ్డున నడుస్తూ పారిస్‌లో ఉన్నప్పుడు తనకొచ్చిన టెలిగ్రామ్ గుర్తు చేసుకుంటాడు. నా కాపీలో 'మదర్ డయింగ్ కమ్ హోమ్ ఫాదర్' అని ఉంది. అంటే అమ్మ పోయేలా ఉంది, ఇంటికి రా, ఇట్లు నాన్న. వాడి కాపీలో మాత్రం 'నదర్ డయింగ్' అని ఉంది. "ఒరేయ్ అచ్చుతప్పురా" అని వాడు పెన్ను తీసి ఎన్ కొట్టేసి ఎమ్ రాసేశాడు, లైబ్రరీ పుస్తకం మీద! నేనూ సరేనన్నా. చాలా ఏళ్ళ తర్వాత తెలిసింది, మేం దిద్దిందే తప్పని, పైగా మాకంటే ముందు 60 ఏళ్ళకి పైగా పుస్తకం వేసినవాళ్ళందరూ ఇదే పని చేశారని.

ఎందుకంటే జాయిస్ చేత్తో రాసిన ప్రతిలో ఎన్నే ఉంది. ఆ రాతప్రతి ఇప్పుడు ఫిలడెల్ఫియాలో రోజెన్‌బాక్ అనే మ్యూజియంలో ఉంది. తప్పు ఫ్రెంచి టెలిగ్రాఫ్ గుమస్తాది అన్నమాట, ఇంగ్లీషు రానివాడు ఎమ్‌ని ఎన్‌గా కొట్టాడు, జాయిస్ దాన్ని అలాగే ఉంచాడు. మధ్యలో టైపు చేసినవాళ్ళో అచ్చువాళ్ళో పాపం మంచి మనసుతోనే దిద్దేశారు. అసలు క్లూ ఆ వాక్యంలోనే ఉంది, స్టీఫెన్ ఆ నీలం రంగు టెలిగ్రామ్‌ని నలుగురికీ చూపించదగ్గ వింత వస్తువు అన్నట్టు తలుచుకుంటాడు. అమ్మ చావుబతుకుల్లో ఉందన్న కబురు వింతెట్లా అవుతుందండీ? తప్పుంటేనే వింత. ఎన్ పోయాక ఆ మాట మటుకు కారణం లేకుండా అక్కడ వేలాడుతూ ఉండిపోయింది, దాని మీద ఎంతమంది ఎన్ని వ్యాఖ్యానాలు రాసుకున్నారో. జాయిస్‌కి కూడా 1903లో పారిస్‌లో ఉండగా ఇలాంటి టెలిగ్రామే వచ్చింది, ఆ ఏడాది ఆగస్టులో వాళ్ళమ్మ పోయింది. సొంత దుఃఖంలోకి ఒక గుమస్తా తప్పుని తెచ్చి పెట్టాడు చూశారా, నాకైతే ఆ పేజీ అక్కడే బరువెక్కుతుంది.

ఇక పుస్తకం అచ్చయిన తీరు చెప్పాలి. 1922 ఫిబ్రవరి 2న, జాయిస్ 40వ పుట్టినరోజున, పారిస్‌లో పుస్తకాల షాపు నడిపే సిల్వియా బీచ్ దీన్ని వేసింది, 1,000 కాపీలు. ప్రింటింగ్ ఫ్రాన్స్‌లోనే డీజాన్ అనే ఊళ్ళో డారాంటియేర్ అనే ఆయన ప్రెస్‌లో, అక్షరాలు కూర్చేవాళ్ళు ఫ్రెంచివాళ్ళు, వాళ్ళకి ఇంగ్లీషు అంతంత మాత్రం. మన జాయిస్‌కేమో కళ్ళు సరిగ్గా కనపడవు, ప్రూఫులు పంపితే దిద్దడం మానేసి పక్కన ఖాళీల్లో కొత్త వాక్యాలు రాస్తాడు, నవలలో సుమారు మూడో వంతు అలా ప్రూఫుల మీదే పెరిగింది! ఒక టైపిస్టు భర్త, పారిస్‌లో బ్రిటిష్ ఎంబసీలో పనిచేసేవాడు, చదివి ఛీ ఇదేం రాత అని కొన్ని కాయితాలు పొయ్యిలో పడేశాడు, న్యూయార్క్‌లో ఉన్న ఇంకో ప్రతి నుంచి ఫోటోలు తెప్పించుకోవాల్సొచ్చింది. ఇన్ని జరిగాక మొదటి ముద్రణలోనే అచ్చుతప్పులకి క్షమించమని నోట్ పెట్టుకున్నారు. మనం సరదాకి అప్పుతచ్చులు అంటామే, అవి పేజీకి ఎన్నో.

1984లో మ్యూనిక్‌లో పనిచేసే జర్మన్ పండితుడు హాన్స్ వాల్టర్ గాబ్లర్ కంప్యూటర్ సాయంతో మూడు సంపుటాల పరిష్కృత ప్రతి తెచ్చాడు. పరిష్కర్త, పాఠాంతరం అనే మాటలు మనకి కొత్త కాదు, తాటాకు ప్రతులు పక్కపక్కన పెట్టుకుని పద్యాలు తేల్చిన పని అదే కదా. 5,000 తప్పులు దిద్దారని పేపర్లలో గొప్పగా వచ్చింది, చాలావరకు కామాలూ చుక్కలూలే. మా రూమ్మేట్ చేతిలో ఉన్నది ఈ గాబ్లర్ పాఠమే.

అందులో అసలు బాంబు వేరే. నవలలో స్టీఫెన్ అందరికీ తెలిసిన ఆ మాట ఏమిటి అని తనని తానే అడుగుతాడు, తర్వాత చనిపోయిన తల్లి దెయ్యంలా కనిపిస్తే, ఇప్పుడు నీకు తెలిసుంటే చెప్పమ్మా అని బతిమాలతాడు. ఆమె చెప్పదు. ఆ మాట ప్రేమ అయ్యుంటుందని జాయిస్ జీవిత చరిత్ర రాసిన రిచర్డ్ ఎల్‌మన్ అన్నాడు, కొందరు కాదు మరణం అన్నారు. గాబ్లర్ రాతప్రతి చూసి లైబ్రరీలో జరిగే అధ్యాయంలో కొన్ని లైన్లు మళ్ళీ పెట్టాడు, అక్కడ ప్రేమ అని మాట స్పష్టంగా ఉంది. టైపిస్టు కన్ను ఒక లైను మీంచి ఇంకో లైను మీదికి జారిందని గాబ్లర్ వాదన. జాయిసే కావాలని తీసేశాడని అవతలివాళ్ళ వాదన. నేను అవతలివాళ్ళ పక్షమే, జవాబు ముందే తెలిసినవాడు అర్ధరాత్రి తల్లి దెయ్యాన్ని అంతలా బతిమాలతాడా?

1988లో జాన్ కిడ్ అనే అమెరికన్ పండితుడు గాబ్లర్ మీద విరుచుకుపడ్డాడు. అసలు ప్రతులు వదిలేసి నకళ్ళు చూసి పనిచేశారన్నాడు. నవలలో పందెంలో పాల్గొన్న థ్రిఫ్ట్ అనే ఆయన పేరు గాబ్లర్ ప్రతిలో ష్రిఫ్ట్ అయింది, క్రికెట్ ఆడే కెప్టెన్ బుల్లర్ కల్లర్ అయ్యాడు. ఇద్దరూ డబ్లిన్‌లో నిజంగా ఉన్న మనుషులు! గొడవ ముదిరి 1990లో పబ్లిషర్లు పాత 1961 పాఠాన్ని మళ్ళీ మార్కెట్లోకి తెచ్చారు. అంత అరిచిన కిడ్ తన సొంత ఎడిషన్ మటుకు తేలేకపోయాడు. పక్కవాడి పాఠంలో తప్పు పట్టినంత సులువు కాదు లెండి పాఠం తేల్చడం.

ఇక్కడ గమ్మత్తేమిటంటే ఈ నవలంతా తప్పుల మీదే నడుస్తుంది. నవలలో ముఖ్య పాత్ర బ్లూమ్‌కి మార్తా అనే ఆవిడ దొంగచాటు ఉత్తరం రాస్తూ ఆ 'వర్డ్' నాకు నచ్చదు అనబోయి ఆ 'వరల్డ్' నాకు నచ్చదు అని రాసేస్తుంది. బ్లూమ్ తర్వాత శ్మశానంలో నిలబడి ఆ లైను తలుచుకుని, ఆ ఇంకో లోకం నాకూ నచ్చదులే అనుకుంటాడు. ఒక్క అక్షరం ఎక్కువైతే తిట్టు కాస్తా పరలోకమైపోయింది. అదే శ్మశానంలో రెయిన్‌కోటు వేసుకున్న అజ్ఞాతవ్యక్తి ఎవరని రిపోర్టర్ అడిగితే, బ్లూమ్ ఆ మకింటాష్ కోటు సంగతి చెప్తే, అదే ఆయన పేరనుకుని రాసేసుకుంటాడు. సాయంత్రం పేపర్లో మకింటాష్ హాజరయ్యాడు, బ్లూమ్ ఏమో బూమ్ అయ్యాడు! ఇప్పుడు చెప్పండి, మీరు ప్రూఫ్‌రీడర్ అయితే బూమ్‌ని దిద్దుతారా? దిద్దితే జోకు పోయింది. వదిలేద్దామా అంటే డీజాన్ కుర్రాడి తప్పేదో జాయిస్ తప్పేదో ఎట్లా తెలుస్తుంది? అందుకే ఈ నవల మీద సింబాలిజం, ఫ్రాయిడ్ అంటూ పేపర్లు రాసే మన పిల్లలకి నేను చెప్పేదొక్కటే, ఫలానా మాట మీద నాలుగు పేజీలు రాసే ముందు ఆ మాట ఏ ఎడిషన్‌లో ఉంది, ఎవరు పెట్టారు, ఎవరు తీశారు చూసుకోండి నాయనా.

ఇంకొక్కటి చెప్పి దిగిపోతా. చివరికి ముందు అధ్యాయం మొత్తం ప్రశ్నలూ జవాబులే. బ్లూమ్ నిద్రలోకి జారుతుంటాడు, ఆఖరి ప్రశ్న ఎక్కడ? అని. జవాబు ఒక లావుపాటి నల్ల చుక్క, అంతే. బాగా కనపడేలా వెయ్యమని ప్రింటర్‌కి జాయిస్ చెప్పాడు కూడా, అయినా కొన్ని ఎడిషన్లలో ఎగిరిపోయింది, మరకనుకున్నారో ఏమో. పుస్తకాలు తెచ్చుకున్నవాళ్ళు తీసి చూడండి. ఏమ్మా, నీ ఫోన్లో ఉందా చుక్క? లేదా? పక్కబ్బాయి దాంట్లో ఉందట చూడు. సరే, మీరిద్దరూ తేల్చుకోండి, నేను టీ తాగొస్తా.