విట్టెన్‌బర్గ్‌ప్లాట్జ్‌లో ఒక సంత రోజు

శ్రోతలకు నమస్కారం.

బెర్లిన్ నగరానికి పడమటి భాగంలో విట్టెన్‌బర్గ్‌ప్లాట్జ్ అనే కూడలి ఉంది. 1907లో ప్రారంభమైన కాడేవే అనే విశాలమైన దుకాణ భవనం దానికి పక్కనే ఉంటుంది. అంతటి ఆడంబరం కళ్లెదుటే ఉన్నా, విల్‌ఫ్రీడ్ బాసె అనే యువ దర్శకుడు 1929లో తన కెమెరాను ఆ కూడలిలో జరిగే సంత వైపు తిప్పారు. అలా తయారైన చిన్న మూకీ చిత్రం గురించి ఈ పూట చెప్పాలనుకుంటున్నాను.

ఈ చిత్రంలో కథ లేదు. తెల్లవారుజామున ఖాళీగా ఉన్న కూడలిలో కొట్లు, గుడారాలు లేచి నిలబడడంతో సంత మొదలవుతుంది. ఆ ఘట్టాన్ని బాసె కొంత వ్యవధికొక ఫ్రేము చొప్పున చిత్రీకరించారు కాబట్టి, గంటల పని తెరమీద క్షణాల్లో పూర్తవుతుంది. పాత మూకీల్లో మనుషులు గబగబా నడుస్తున్నట్టు కనిపించడానికి సాధారణంగా కారణం వేరు: నెమ్మదిగా తీసిన రీలును తరువాతి కాలపు యంత్రాల మీద ఎక్కువ వేగంతో ఆడించడం. బాసె చూపిన వేగం మాత్రం ఆయన కోరి కల్పించినది.

ఆ తరువాత బేరాలు. నిగనిగలాడే ద్రాక్షగుత్తులు, పూలు, గుర్రాలు, పనిలేక నిలబడి చూసేవాళ్లు, ధర దగ్గర పట్టు విడవని స్థూలకాయులైన గృహిణులు వరుసగా కనిపిస్తారు. జర్మనీలో టాకీలు అప్పుడప్పుడే అడుగుపెడుతున్నాయి; ఈ సంతలో మాత్రం ఒక్క కేక కూడా వినిపించదు. అయినా బేరం కుదిరిందో లేదో చేతుల కదలికను బట్టి, ముఖంలోని మార్పును బట్టి మనకే తెలిసిపోతుంది.

విమర్శకుడు సీగ్‌ఫ్రీడ్ క్రకావర్ 1947లో వెలువరించిన జర్మన్ సినిమా చరిత్రలో, ఇటువంటి చిత్రాలు చూపించడంతోనే ఆగిపోతాయని, ఏ పక్షమూ వహించవని ఆక్షేపించారు. ఆ దేశం ఏ దారి పట్టిందో చూసిన మనిషి ఆవేదన అది. దాన్ని తేలికగా తీసుకోలేము. కానీ రాజులకూ ఊరేగింపులకూ రీళ్లు ఖర్చవుతున్న కాలంలో, ద్రాక్షపళ్లు కొనే గృహిణి ముఖం ముందు ఓపికగా కెమెరా నిలపడం కూడా ఒక పక్షం వహించడమేనని నేను నమ్ముతున్నాను.

1943 నవంబరు వైమానిక దాడిలో ఒక విమానం కాడేవే మీద కూలి, భవనం చాలావరకు కాలిపోయింది. బాసె చిత్రంలో మాత్రం ఆనాటి కూడలి అలాగే ఉంది: సంత ముగిసింది, జనం వెళ్లిపోయారు, పొద్దుట్నుంచీ సాగిన బేరాలకు గుర్తుగా నేలనిండా చెత్త పరుచుకుని ఉంది.